నిద్రల లెక్క

నిలుపొద్దులో పొద్దు పొడవదు, గూకదు. ఆ లోకానికి ఆ పేరు అందుకే పడింది. బస్తీకి పడమట, కొండ అంచు మీద, పొయ్యి మీద మరిచిపోయిన పెనంలాగా ఎర్రటి పొద్దు తాతలనాటి నుంచి అక్కడే కూచుని ఉంది. దాన్ని చూసి తెల్లారిందనీ అనలేరు, మాపైందనీ అనలేరు. అలాంటి చోట దినం ఎక్కడ మొదలై ఎక్కడ ముగుస్తుందో ఎవరో ఒకరు చెప్పాలి. ఆ చెప్పే హక్కు కంపెనీ తన చేతిలో పెట్టుకుంది.

కంపెనీ కూత పెడితే దినం మొదలు. మళ్ళీ కూత పెడితే దినం సరి. మధ్యలో ఎంతసేపు గడిచిందని ఎవరైనా అడిగితే గేటు దగ్గరున్న గడియారం చూపించేవాళ్ళు. ఆ గడియారమూ కంపెనీదే. మంటరాయి తవ్వే బాయిలోకి దిగినవాళ్ళు పైకొచ్చేసరికి సద్దిగిన్నె పట్టుకునే ఓపిక కూడా ఉండేది కాదు. "ఈ దినం శానా పొడుగున్నదే" అనుకునేవాళ్ళు. అనుకుని ఊరుకునేవాళ్ళు. ఊరుకోనిది ఓదెమ్మ ఒక్కతే.

ఓదెమ్మ లాంపు రూములో పనిచేసేది. బాయి దిగేవాళ్ళ నెత్తి దీపాలు చెడిపోతే విప్పి బాగుచేసేది. విప్పిన ప్రతిదాన్నీ ఎట్లా పనిచేస్తుందో తెలుసుకునేదాకా మళ్ళీ బిగించేది కాదు. ఒకసారి కంపెనీ ఆసుపత్రి వెనకాల చెత్తలో, తలకు తీగలు పెట్టి పరీక్షించే పాత యంత్రం ఒకటి దొరికింది. దాన్ని ఇంటికి మోసుకొచ్చి, కూతురు రేణ వండిన కూడు చల్లారిపోతున్నా పట్టించుకోకుండా, చాలాకాలం దాని మీదే పడి ఉంది. మనిషి నిద్రలోకి జారితే తలలో అలలు నెమ్మదిస్తాయి. ఆ నెమ్మదించడాన్ని ఆ యంత్రం పట్టుకోగలదు. అదీ ఆమెకు దొరికిన సంగతి.

పొద్దు అబద్ధం, కూత అబద్ధం, గడియారం అబద్ధం. ఒంటికొచ్చే నిద్ర ఒక్కటే నిజం. మరి దినాన్ని దాంతోనే ఎందుకు కొలవకూడదు?

గుండీ అంత బిళ్ళ తయారుచేసింది. చెవి వెనక అంటించుకోవాలి. కునుకు తీస్తే కదలదు. ఒళ్ళు నిండా నిద్రపోతే మాత్రం టిక్కుమని ఒక అంకె ముందుకు జరుగుతుంది. దాన్ని పరీక్షించడానికి, ఎక్కడ ఒరిగితే అక్కడ గుర్రు పెట్టే మనిషి కావాల్సి వచ్చింది. బస్తీలో ఆ ఘనత మొగిలిది. బాయిలో ట్రాలీ నడిపే పిల్లగాడు, ఎత్తు మనిషి, నిలబడి కూడా నిద్రపోగలడని పేరు.

"అత్తా, ఇది షాకు కొట్టదు గద?" అన్నాడు మొగిలి, చెవి తడుముకుంటూ.

"ఎవలకురా అత్త?"

"ఊకనే. బస్తీల పెద్దోళ్ళందర్నీ అత్తనే అంట."

"మొన్న కట్టవ్వను పెద్దమ్మా అన్నవు. నేను విన్న."

తలుపు వెనక రేణ నవ్వు వినిపించింది. మొగిలి సిగ్గుపడి మంచం మీద ఒరిగాడు. బిళ్ళ ఎట్లా పనిచేస్తుందో ఓదెమ్మ చెప్పడం మొదలుపెట్టింది. రెండో మాటకే గుర్రు మొదలైంది. అతను లేచే వేళకు బిళ్ళ టిక్కుమంది. ఓదెమ్మ ఎగిరి గంతేసినంత పని చేసింది. "నిద్రమొద్దా, నువ్వు పండుకుని లోకానికి దినం తెచ్చినవురా" అంది.

తర్వాత బస్తీలో పెద్దవాళ్ళందరి చెవులకూ బిళ్ళలెక్కాయి. కార్మిక సంఘం కొట్టంలో గోడకు ఒక పెద్ద పలక పెట్టింది ఓదెమ్మ. ఒక్కొక్క మనిషికి ఒక్కొక్క చిన్న దీపం. మనిషి నిద్రపోయి బిళ్ళ టిక్కుమంటే పలక మీద అతని దీపం వెలుగుతుంది. సగానికి మించి దీపాలు వెలిగాయంటే ఊరు ఒక నిద్ర పోయినట్టు. ఒక దినం సరి. దీపాలన్నీ ఆరిపోయి కొత్త దినం మొదలు.

అలా లెక్క పెట్టి చూస్తే కంపెనీ దొంగతనం బయటపడింది. ఒక కూతకూ మరో కూతకూ మధ్య "తిండి విరామం" అని ఒకటి ఇచ్చేవాళ్ళు. అందులో జనం తినడం లేదు. రాళ్ళ మీదనే పడి ఒళ్ళు నిండా నిద్రపోతున్నారు. అది నిద్రే. అంటే అక్కడ ఒక దినం అయిపోయింది. కంపెనీ ఒక్క దినానికి కూలి ఇచ్చి రెండు దినాల ఒంటిని పిండుకుంటోంది. ఇన్నేళ్ళ నుంచీ.

సమ్మె కట్టారు. బాయి మూతబడింది. ఆ సమ్మెలో జనం ఎంత ఆకలి మింగారో చెప్పాలంటే వేరే కథ అవుతుంది. చివరికి కంపెనీ దిగొచ్చి టైం ఆఫీసరు వామనరావును ఒప్పందానికి పంపింది. తెల్లచొక్కా, మెత్తటి మాట, ఎవరినైనా 'గారు' అనే మనిషి. తిట్టేవాడితో కొట్లాడ్డం ఓదెమ్మకు తెలుసు. ఇలాంటివాడితో కొట్లాడాలంటే ఆమెకు ఒళ్ళు మండేది.

"పని దినం ఇన్ని గంటలు అని రాద్దామా, ఓదెమ్మగారూ?"

"గంటల మాటే రావద్దు. గంటలు మీ గడియారంల పుట్టినయి. దినం అని రాయి. దినమంటే ఊరి నిద్ర. గంతే."

ఒక్కొక్క చోటా గంటలు కొట్టేయించి దినం రాయించింది. కొట్టేసిన ప్రతిసారీ వెనకున్న జనం ఈలలు వేశారు. బిళ్ళలు పీకించి కంపెనీ లెక్క తప్పించకుండా ఇంకో మాట కూడా పెట్టించింది: ఎవరి బిళ్ళ ఊడినా వాళ్ళు నిద్రపోయినట్టే లెక్క. పలక కూడా ఒకటి కాదు, రెండు. ఒకటి సంఘంలో, ఒకటి కంపెనీ ఆఫీసులో. ఎవరూ ఎవరినీ మోసం చేయడానికి వీల్లేదు. అన్ని సందులూ మూసేశానని ఆమెకు గర్వం.

బాయిలో మనిషి చిక్కుకుపోతే ఏం చేయాలన్న చోట ఆగారు. అంతకుముందు కంపెనీ మాట వరసకు కొంచెం తవ్వి, చాలించి, ఆ సొరంగం సందు మూసేసేది. ఓదెమ్మ భర్త రాజేశం అలాగే పోయాడు.

"ఆ దినమంతా యంత్రాలు బెట్టి ఎతకాలె. మజ్జెల ఆపొద్దు," అంది ఓదెమ్మ.

వెనక నిలబడ్డ మొగిలి ఆవలిస్తూ ముందుకు వంగాడు. "అత్తా, దినమంత ఎందుకు? దొరికేదాంక అని రాపియ్యరాదు?"

"నువ్వు పండుకోపోరా. దొరికేదాంక అంటే ఎంత? దానికి కొలతున్నదా? రేపు గింతసేపే అని వాళ్ళే కొలత పెడ్తరు. దినం మనది. కొట్లాడి గుంజుకున్న మాట. ఆ మాటనే ఉండాలె."

జనం చప్పట్లు కొట్టారు. మొగిలి తల గోక్కుని వెనక్కి తగ్గాడు. వామనరావు కలం ఒక క్షణం ఆగింది. ఓదెమ్మ ముఖం చూశాడు. 'దినమంతా' అని రాసుకున్నాడు.

*

కొత్త లెక్కకు పేర్లు బస్తీయే పెట్టుకుంది. ఆరు పని నిద్రలు, ఏడోది చుట్టపు నిద్ర. ఆనాడు ఎవరూ తమ ఇంట్లో పడుకోరు, చుట్టాలింటికి పోయి పడుకుంటారు. ఈ ఏడూ కలిసి ఒక మెత్త. నాలుగు మెత్తలు కలిపి ఒక బొంత. పన్నెండు బొంతలు కలిపి ఒక గొంగడి. మంత్రసాని కట్టవ్వను వయసెంతని అడిగితే "నాకా? అరవై గొంగళ్ళు కప్పుకున్న, అయినా సలి తీరలే" అనేది. పాతకాలపు ఏళ్ళన్నీ ఎవరికి తోచినట్టు వాళ్ళు గొంగళ్ళలోకి మార్చుకున్నారు. ఆడవాళ్ళు చాలామంది మార్చేటప్పుడు రెండు మూడు తగ్గించుకున్నారని కట్టవ్వ ఊరంతా చెప్పుకొచ్చింది.

మొదటి గొంగడి నిండకముందే రేణకూ మొగిలికీ పెళ్ళయింది. పెళ్ళికొడుకు అత్తగారింట్లో మూడు నిద్రలు చేయాలి కదా. మొగిలి మూడు నిద్రలూ ఎంత శ్రద్ధగా చేశాడంటే, బస్తీ అంతా ఒక దినం గడిపేలోపు అతని బిళ్ళ రెండుసార్లు టిక్కుమంది.

"ఓ రేణా, మీ ఆయన రేపట్ల ఉన్నడే! అక్కడ కూర ఏం వండుతున్నవో అడుగు," అని అమ్మలక్కలు ఆటపట్టించారు.

"ఆయన ముంగట పొయ్యి మనకు జాగ పట్టి పెడ్తడు," అంది రేణ. ఓదెమ్మకు ఆ మాట చెవిలో ఉండిపోయింది. అప్పుడు నవ్వొచ్చింది.

బస్తీ జీవితంలో అంతకన్నా మంచి కాలం రాలేదు. నిద్రపోతే నిజంగా ఒక దినం గడిచేది. దినం గడిస్తే కూలి వచ్చేది. ఊళ్ళో ఎవరైనా చనిపోతే, ఆ ఇంటివాళ్ళను చుట్టాలు తమ ఇంటికి తీసుకుపోయి నిద్ర చేయించేవాళ్ళు. అది పాత ఆచారమే. కొత్త లెక్కలో దానికి కొత్త బరువొచ్చింది. నిద్ర చేస్తేనే చావు జరిగిన దినం ముగిసేది. ఏడ్చి ఏడ్చి అలసిన మనిషి ఎవరి ఇంట్లోనో కళ్ళు మూసుకుంటే, పలక మీద దీపం వెలిగితే, "పాపం, దాటింది" అనుకునేవాళ్ళు.

రెండో గొంగట్లో, రేణకు నెలలు నిండిన సమయాన, బాయిలో కింది వరస సందు కప్పు కూలింది.

అందరూ బయటపడ్డారు. ట్రాలీ తిప్పుకుని వస్తానన్న మొగిలి ఒక్కడే రాలేదు. చెవులు రాతికి ఆనించి విన్నారు. అవతల ఇనుముతో రాతిని కొడుతున్న చప్పుడు. టంగ్, టంగ్. ఆగి, మళ్ళీ టంగ్.

"ఉన్నడు! ఉన్నడే!" రేణ కడుపు పట్టుకుని గేటు దగ్గరే కూలబడింది.

ఒప్పందం ప్రకారం కంపెనీ యంత్రాలు దింపింది. ఆ రాతిని తొలిచే యంత్రాలు కంపెనీకే ఉన్నాయి, చేతులతో గబుక్కున అయ్యే పని కాదు. అవి తొలుస్తుంటే బస్తీలో నేల సన్నగా ఊగేది. గిన్నెల్లో నీళ్ళు వణికేవి. ఆ వణుకు ఉన్నంతసేపు మొగిలి కోసం వెతుకుతున్నట్టు.

సగం షిఫ్టు గడిచాక అందరికంటే ముందు రేణకే తట్టింది.

"అమ్మా. దినమంత ఎతుకుతరు గద?"

"అవు బిడ్డా. రాయించిన గద."

"దినమంటే ఊరు పండేదాంకనే గద?"

ఓదెమ్మ కళ్ళు పలక ఉన్న కొట్టం వైపు పోయాయి. రేణ తల్లి ముఖం చూసి లేచి నిలబడింది. గేటు దగ్గరున్న జనంలోకి నడిచి అరిచింది. "ఎవలూ పండద్దు! మీకు దండం బెడ్త. ఎవలూ పండకుండ్రి!"

బస్తీ పండుకోలేదు. ఇలాంటి పని ఇంకెక్కడైనా, ఇంకెవరైనా చేసి ఉంటారని అనుకోలేం. ఒక్క మనిషి కోసం ఊరు ఊరంతా దినాన్ని పట్టుకుని వేలాడింది. డప్పులు తీశారు. కళ్ళల్లో ఉల్లిపాయ పిండుకున్నారు. నెత్తిన చన్నీళ్ళు గుమ్మరించుకున్నారు. ఒకరినొకరు గిల్లుకున్నారు. పాత తగాదాలు కావాలని లేపి తిట్టుకున్నారు, కోపానికి నిద్ర రాదని. కట్టవ్వ ఒక కర్ర పట్టుకుని వాడవాడా తిరిగింది.

"ఏయ్, రెప్పలేంది దించుతున్నవ్? నీ పెండ్లాం లేచిపోయిందిరా, లే!"

"నాకు పెండ్లే కాలేదవ్వా."

"ఇగ కాదు గూడ. లే!"

నవ్వారు. నవ్వుతూనే ఒకరిద్దరు కూలిపోయారు. కూలిన రాయి దాటి సంకేతం రాక, మొగిలి దీపం ఊడిన బిళ్ళ లెక్కన ముందే వెలిగి ఉంది. పలక మీద ఇంకో దీపం వెలిగింది. ఇంకొకటి. పిల్లల చెవులకు బిళ్ళలు లేవు కాబట్టి వాళ్ళను పడుకోనిచ్చారు. ఆ పిల్లలు హాయిగా నిద్రపోతుంటే చూడ్డమే పెద్దవాళ్ళకు చిత్రహింస అయింది. తల్లులు పిల్లల వైపు వీపు పెట్టి కూచున్నారు.

కంపెనీ కూడా ఊరుకోలేదు. యంత్రాలు ఒక్క మనిషి కోసం తొలుస్తుంటే మంటరాయి తవ్వకం ఆగిపోయింది మరి. ఇళ్ళకు గాలి పంపే గొట్టాల్లో వెచ్చటి గాలి వదిలారు. మజ్జిగన్నం వండి బండ్ల మీద పంపారు. కడుపు నిండా తిన్నవాళ్ళు తిన్నచోటే వాలిపోయారు. దీపాలు గుంపులు గుంపులుగా వెలిగాయి. ఓదెమ్మ బండిని తన్ని పడేసింది. నేల మీద పడ్డ అన్నాన్ని చూసి ఏడ్చింది కూడా. అన్నాన్ని తన్నిన మనిషి కాదు ఆమె.

కంపెనీ ఆఫీసుకు పోయింది. వామనరావు లేచి కుర్చీ చూపించాడు. ఆమె కూచోలేదు. కూచుంటే మళ్ళీ లేస్తానన్న నమ్మకం లేదు.

"ఇంకెంత తొలవాలె?"

"దగ్గరికి వచ్చామంటున్నారు. ఖచ్చితంగా చెప్పలేం."

"దినం అయిపాయినా ఆపకుండ్రి సారూ. అడుగుతున్న."

జీవితంలో ఆమె 'సారూ' అనడం అదే మొదటిసారి. వామనరావు తల దించుకుని ఒప్పందం కాగితం తిప్పాడు. "ఓదెమ్మగారూ, ఇందులో దినం అని ఉంది. దినం అంటే ఏంటో మీరే రాయించారు. గంటలని మేమంటే మీరే కొట్టేయించారు. పైవాళ్ళకు నేనేం చెప్పుకోను?"

గోడకు రెండో పలక కనిపిస్తోంది. ఎవరూ మోసం చేయకూడదని ఆమే పెట్టించిన పలక. కొట్టంలో పలక తీగలు తెంపినా ఇక్కడ దీపాలు వెలుగుతాయి. చెవుల నుంచి బిళ్ళలు పీకేసినా వెలుగుతాయి. అన్ని సందులూ మూసింది కదా. తన అల్లుడి కోసం ఒక్క సందన్నా మిగుల్చుకోలేదు.

తిరిగొచ్చేసరికి పలక మీద దీపాలు సగం దాకా వచ్చాయి. సగం దాటిందని చూపే ఎర్రగీతకు ఇంకొక్క దీపం. ఒక్క మనిషి వాలితే చాలు. బస్తీలో మిగిలినవాళ్ళు పాటలు ఆపేశారు. డప్పు కొట్టే చేతులు ఆగిపోయాయి. మేల్కొని ఉన్నవాళ్ళు ఒకరి కళ్ళలోకి ఒకరు చూసుకుంటూ నిలబడ్డారు, ఆ ఒక్కడు తానే అవుతానేమోనన్న భయంతో.

కట్టవ్వ ఓదెమ్మ చెయ్యి పట్టి పక్కకు లాగింది. గొంతులో హాస్యం లేదు.

"ఓదీ, పిల్లను జూసినవా? లేనోళ్ళతోటి మాట్లాడుతున్నది. కప్పు మీద మొగిలి నడుస్తున్నడంటున్నది. కడుపుల బిడ్డ కదుల్తలేదే. ఇట్లనే ఉంటె ఇద్దరూ దక్కరు."

"జరసేపు, కట్టవ్వా. దగ్గరికొచ్చినమన్నరు."

"నేను శానామందిని జూసిన. జరసేపు లేదు."

రేణ పలక కింద నిలబడి ఉంది. కళ్ళు చింతనిప్పుల్లా ఉన్నాయి. కప్పు కూలక ముందు షిఫ్టులో కూడా ఆమె సరిగా నిద్రపోలేదు, నడుం నొప్పితో. ఊరందరికన్నా ఎక్కువ మేల్కొన్నది ఆమే.

"ఇంటికి రా బిడ్డా. నడుం వాల్చు."

రేణ వెనక్కి జరిగింది. "నీ ఇంటికా? ఎందుకు? నిద్రకు తీస్కపోతున్నవా? ఆయన సచ్చిండనా?"

"కాదు బిడ్డా. కాదు. కాళ్ళు వాచినయి, జర సాపుకో. పండద్దు. నేను పక్కనే ఉండి మాట్లాడుత."

"ఒట్టు?"

"ఒట్టు."

రేణ నమ్మింది. తల్లి కదా.

ఇంట్లో మంచం మీద గోడకు ఆనించి కూచోబెట్టింది. కాళ్ళు ఒళ్ళో పెట్టుకుంది. మంచం కోళ్ళు నేలతోపాటు సన్నగా ఊగుతున్నాయి. తొలుస్తూనే ఉన్నారు. రేణ తల కాసేపటికి తల్లి భుజం మీదకు జారింది. "మాట్లాడమ్మా. ఏమన్న అను," అంది.

ఓదెమ్మ మాట్లాడింది. రేణ చిన్నప్పుడు లాంపు రూములో దీపాల మధ్య ఆడుకున్న సంగతులు చెప్పింది. మాటలు చెప్తూ చెప్తూ చెయ్యి తనంతట తనే కూతురి వీపు మీదకు పోయింది. ఆ చెయ్యి ఏం చేస్తోందో ఆమెకు తెలుసు. తెలియదని తర్వాత చెప్పుకోవడానికి కూడా లేకుండా తెలుసు. రేణ పాలు తాగేనాడు ఎలా తట్టేదో అలాగే తట్టింది, మెల్లగా, గుండె కొట్టుకున్నట్టు. ఒకవైపు నేల వణుకు. ఒకవైపు తన చెయ్యి. రెండూ ఒకే తాళంలో పడ్డాయి.

"అమ్మా, పండనియ్యకు," అంది రేణ కళ్ళు మూసుకునే.

"పండనియ్య," అంది ఓదెమ్మ. చెయ్యి ఆపలేదు.

చాలాసేపటికి రేణ చెవి వెనక టిక్కుమంది.

బయట కూత మోగింది. అది కంపెనీ కూత కాదు. దినం మాదని గెలిచినందుకు సంఘం కొట్టం మీద ఓదెమ్మ తన చేతులతో బిగించిన కూత. మంచం కోళ్ళు ఊగడం ఆగిపోయింది. గిన్నెలో నీళ్ళు నిలబడ్డాయి. బస్తీ అంతటా జనం ఎక్కడివాళ్ళక్కడ నేల మీదికి ఒరిగిపోయారు, కోసిన పైరులాగా.

రేణ లేచాక ముందుగా నేల మీద అరచెయ్యి పెట్టి చూసింది.

"అమ్మా. నేల ఊగుతలేదేంది?"

*

బిడ్డ బతికింది. రేణ బతికింది. ఆ మాట చెప్పి తనను తాను ఓదార్చుకునేవాళ్ళు ఉంటారు. ఓదెమ్మ కూడా కొంతకాలం అదే చేసింది.

కంపెనీ సందుకు అడ్డంగా గోడ కట్టబోయింది. సంఘం కట్టనివ్వలేదు. షిఫ్టు అయిపోయినవాళ్ళు గడ్డపారలు పట్టుకుని దిగి, వంతులేసుకుని చేతులతో తవ్వారు. రాతి అవతల చప్పుడు ఎప్పుడో ఆగిపోయింది, బతికున్నాడన్న ఆశ ఎవరికీ లేదు. మనిషిని ఇంటికి తేవాలి, అంతే. ఒక బొంత గడిచింది. రెండో బొంత సగంలో గడ్డపార అవతలికి దిగబడింది.

మొగిలి ట్రాలీ పక్కన, గోడకు ఒరిగి కూచున్నాడు. కప్పు అతని మీద పడలేదు. దెబ్బల్లేవు. నిద్రపోతున్నట్టే ఉన్నాడని అందరూ అన్నారు. అతను ఎప్పుడూ అలాగే ఉండేవాడు.

చెవి వెనక బిళ్ళను కట్టవ్వ తుడిచి తీసి ఓదెమ్మ చేతిలో పెట్టింది. బాయి దిగేముందు అందరి బిళ్ళల అంకెలనూ ఊరి లెక్కకు సరిచేసి పంపేవాళ్ళు. కూత పడిన దినాన ఊరి లెక్క ఎక్కడుందో బస్తీలో అందరికీ గుర్తే. మొగిలి బిళ్ళ దానికంటే ఏడు నిద్రలు ముందుంది.

ఓదెమ్మ లాంపు రూములో దీపం కింద ఆ బిళ్ళను పెట్టుకుని కూచుంది. ఊరు పట్టుకుని వేలాడిన ఆ ఒక్క దినంలో మామూలు మనిషైతే మూడు నిద్రలు పోతాడు. మొగిలి మొద్దు కాబట్టి నాలుగు అనుకుందాం. చీకట్లో, ఆకలితో, ఇంకా ఎక్కువ పడుకున్నాడంటే ఐదు. మరి మిగతావి? కూత పడి వెతకడం ఆపేశాక పోయిన నిద్రలేనా? ఆ బిళ్ళను విప్పి చూసింది, మళ్ళీ బిగించింది, మళ్ళీ విప్పింది. ఎంత విప్పినా అది చెప్పేది ఒక్కటే, ఎన్ని నిద్రలు అని. ఎంతసేపు అని చెప్పదు. చెప్పకుండా చేసింది తనే. గంటలు కొట్టేయించింది తనే. అల్లుడు చీకట్లో ఎంతకాలం ఎదురుచూశాడో కొలవడానికి ఆమె లోకంలో ఇప్పుడు ఏ కొలతా లేదు.

రేపట్లోకి ముందే పోయి జాగా పట్టిపెట్టాడు. వీళ్ళే పోలేదు.

వామనరావు కబురు చేస్తే పోయింది. ఒప్పందం తిరగరాద్దామన్నాడు. ఓదెమ్మ 'దినమంతా' అన్న మాటను వేలితో చూపించింది. "అది కొట్టెయ్యి. దొరికేదాంక అని రాయి."

అతను వెంటనే రాశాడు. ఒక్క అభ్యంతరం చెప్పలేదు.

"గింతనేనా?" అంది ఓదెమ్మ.

"అంతేనండి." కలం మూత పెట్టి, కాస్త తటపటాయించాడు. "ఆనాడే అడిగి ఉంటే ఆనాడే రాసేవాళ్ళమేమో. ఆ అబ్బాయి అన్నాడు కూడా. మీరు వద్దన్నారు."

అన్నీ అయిపోయాక అలాంటి మాట అనడం కంపెనీ మనుషులకు చాలా సులువు. రాసేవాళ్ళో కాదో ఎవరికి తెలుసు? ఓదెమ్మ ఆ మాట అతని ముఖాన అనాలనుకుంది. ముప్పై గొంగళ్ళుగా కంపెనీని తిట్టిన నోరు. అయినా కాగితం మడుచుకుని లేచొచ్చింది. అడగలేదన్నది నిజం కదా.

రేణకు అప్పటికే బిడ్డ పుట్టింది. ఆడపిల్ల. పేరు ఇంకా పెట్టలేదు. మొగిలి మాసికం ఏ నిద్రకు పెట్టుకోవాలో ఎవరికీ తెలియక అదీ ఆగి ఉంది. ఊరి లెక్క ప్రకారం ఒక దినం, అతని లెక్క ప్రకారం ఇంకో దినం. రేణ ఏదీ ఒప్పుకోలేదు. మొగిలి బిళ్ళను దారానికి గుచ్చి మెళ్ళో వేసుకుంది.

పసిదానికి కడుపునొప్పో ఏమో, ఆగకుండా ఏడుస్తోంది. రేణ దాన్ని భుజాన వేసుకుని ఇల్లంతా తిరుగుతోంది. కళ్ళ కింద నల్లగా ఉంది. కిటికీలోంచి ఎప్పటి ఎర్రటి వెలుగే పడుతోంది.

ఓదెమ్మ గడపలోంచి చూసి చూసి లోపలికొచ్చి చేతులు చాపింది. "ఇటియ్యి బిడ్డా. నేను జోకొడ్త. నువ్వు జర ఒరుగు."

రేణ ఆగింది. తల్లి ముఖం వైపు చూడలేదు. చాచిన చేతుల వైపు చూసింది. గొంతులో కోపం లేదు. కోపం ఉన్నా బాగుండేది.

"వద్దమ్మా. నీ చెయ్యి పడితే నిద్రొస్తది."

"ఏడుస్తున్నది గద బిడ్డా..."

"ఏడ్వనియ్యి," అంది రేణ, పసిదాని వీపు మీద చెయ్యి ఊరికే ఆనించి, తట్టకుండా. "ఏడ్వనియ్యమ్మా. మేలుకొనే ఉన్నది గద."

ఓదెమ్మ చేతులు వెనక్కి తీసుకుంది. మంచం అంచున కూచుని, కుడి చేతిని తొడ కింద పెట్టుకుంది, అది మళ్ళీ తనంతట తనే లేవకుండా.